ఆయుధ పూజ నాటి అయిదు ఓవర్లు

ఇందులో నేను రాయబోయే ప్రతి అక్షరం నిజమని మా అమ్మ మీద ఒట్టేసి చెబుతున్నాను. మా అమ్మ మీద నేను చిన్నప్పటి నుంచి వేసిన ఒట్లు వందల్లో ఉంటాయి. అయినా డెబ్బై దాటిన ఈ వయసులో కూడా ఆవిడ రోజూ పొద్దున్నే యూసుఫ్‌గూడ మార్కెట్‌కు నడిచి వెళ్లి, కూరలమ్మే వాళ్లందరితో పేరుపేరునా పోట్లాడి, రెండు సంచులు మోసుకుని తిరిగి వస్తోంది కాబట్టి, నా ఒట్లు ఎంత గట్టివో మీరే ఊహించుకోవచ్చు. నన్నెరిగిన వాళ్లు, వీడికి గోరంత దొరికితే కొండంత చేస్తాడని అంటూ ఉంటారు. వాళ్ల మాటలు పట్టించుకోకండి. ఈసారి దొరికిందే కొండంత. దాన్ని నాలుగు పేజీల్లో పట్టేట్టు కుదించడానికే నాకు నాలుగు రోజులు పట్టింది.

పోయిన వారం మా ఆఫీసులో మధ్యాహ్న భోజనం ముగించి, చేతులు కడుక్కుని నా గదికి వెళ్తున్నాను. జూబ్లీ హిల్స్‌లో ఒక అద్దాల భవనంలో మూడో అంతస్తు మాది. సినిమాలకు గ్రాఫిక్స్ చేసే పిల్లలు ముప్ఫై మంది దాకా ఉంటారు, వాళ్లందరికీ నేను పెద్దవాణ్ణి, అంటే వాళ్లు చేసే పని అర్థం కాకపోయినా తల ఊపగలిగే హోదా ఉన్నవాణ్ణి. ఆ పిల్లల గదిలోంచి ఒక గొంతు వినిపించింది. ఇంగ్లీషు వ్యాఖ్యాత గొంతు. బంతి బౌండరీ దాటినప్పుడల్లా అదే మాటను, అదే ఉత్సాహంతో, అదే చోట ఊపిరి పీల్చుకుని పలికే గొంతు. దాన్ని విని ఇరవై ఏళ్లయింది. నా అరచేతులు చెమర్చాయి, తెలియకుండానే గోడ గడియారం వైపు చూశాను, ఒంటిగంట దాటింది. ఆ తర్వాత మెల్లగా గుర్తొచ్చింది, ఈ రోజు ఎవరి సినిమా బాక్సులూ నా కోసం ఆగి లేవని. అక్కడే గోడకు ఆనుకుని హమ్మయ్య అనుకున్నాను.

లోపలికి తొంగి చూస్తే మా పిల్లలు నలుగురు ఒకే కంప్యూటర్ ముందు మూగి ఉన్నారు. వీళ్ల దగ్గర లేని ఆట లేదు. ఆటగాడి నుదుటి మీద చెమట బొట్టు జారడం కూడా కనిపించే ఆటలున్నాయి. అవన్నీ వదిలేసి, ఎక్కడి నుంచి దింపుకున్నారో, మా కాలపు ఆ పాత క్రికెట్ ఆట ఆడుతున్నారు. అందులో ఆటగాళ్ల మొహాలు అట్టముక్కలు కత్తిరించి అతికించినట్టు ఉంటాయి. స్టేడియంలో జనం వాల్‌పోస్టర్‌లో బొమ్మల్లా కదలకుండా ఉంటారు. అసలు పేర్లు వాడుకునే హక్కు దాన్ని తయారుచేసిన వాళ్లకు దొరకలేదేమో, మనవాళ్లందరి పేర్లలోనూ ఒకటీ అరా అక్షరం తేడాగా ఉండి, బాగా తెలిసిన మనుషులనే రేషన్ కార్డులో చూసినట్టుంటుంది. అయినా అది మా తరాన్ని పట్టుకుంది, మా తర్వాతి తరాన్నీ పట్టుకుంది. కొత్త ఆటలు నేర్చుకోవాలంటే ఒక కోర్సు చేయాలి. ఇది అయిదు నిమిషాల్లో చేతికొస్తుంది, అయిదు ఓవర్లలో అయిపోతుంది, టీ చల్లారేలోపు మన దేశం గెలిచేస్తుంది. అంత త్వరగా మనల్ని గెలవనిచ్చేది జీవితంలో ఇంకేముంది చెప్పండి. నన్ను చూసి పిల్లలు కుర్చీ ఖాళీ చేసి, ఒక మ్యాచ్ ఆడమన్నారు. నడుం నొప్పి అని చెప్పి తప్పించుకున్నాను. అసలు కారణం వాళ్లకు చెప్పలేదు, మీకు చెబుతున్నాను.

అవి హైదరాబాదులో ప్రతి ఇంటి నుంచీ ఒకరు కంప్యూటర్ నేర్చుకోవడానికి బయల్దేరిన రోజులు. అమీర్‌పేటలో గోడ కనిపించకుండా బోర్డులు, మెట్లు కనిపించకుండా పిల్లలు. నాతో పాటు జావా నేర్చుకున్న వాళ్లందరూ మాదాపూర్ వైపు వెళ్లిపోయారు. నేను మాత్రం జావాను సగంలో వదిలేసి, కొండ ఎక్కి ఫిల్మ్ నగర్ చేరాను. అక్కడ ఒక బంగళా కింద సెల్లార్‌లో, రెండే రెండు కంప్యూటర్లున్న గ్రాఫిక్స్ స్టూడియోలో నా ఉద్యోగం. ఫైట్లలో హీరో గాల్లోకి ఎగిరినప్పుడు నడుముకు కట్టిన తాడు కనిపిస్తుంది కదా, ఆ తాడును ఒక్కో ఫ్రేములోంచి చెరిపేయడం నా పని. అలా నేను చెరిపిన తాళ్లన్నీ ముడివేస్తే ఇక్కడి నుంచి విజయవాడ దాకా వస్తాయి. మా అమ్మ మాత్రం వీధిలో అందరికీ మావాడు సాఫ్ట్‌వేర్‌లో ఉన్నాడనే చెప్పేది. కంప్యూటర్ ముందు కూర్చున్న ప్రతివాడూ ఆ రోజుల్లో సాఫ్ట్‌వేరే కాబట్టి అందులో అబద్ధమేమీ లేదు.

ఆ ఉద్యోగం ఇప్పించింది మా మామ, అంటే అమ్మ తమ్ముడు. ఆయన అప్పటికి ఇరవై ఏళ్లుగా సినిమాల్లో ఉన్నాడు. క్లాప్ కొట్టడంతో మొదలుపెట్టి కో-డైరెక్టర్ దాకా వచ్చి అక్కడే ఆగిపోయాడు. పుట్టిందీ పెరిగిందీ ఇక్కడే. సెట్లో ఆర్టిస్టులకు గోదావరి యాసలో డైలాగు చదివి వినిపించి, వాళ్లు తప్పు చెబితే మన యాసలో తిట్టేవాడు, డైలాగు కన్నా తిట్టే బాగుందని వాళ్లు అదే నేర్చుకునేవారు. మామా అత్తమ్మా కృష్ణానగర్‌లో రెండు గదుల కిరాయి ఇంట్లో ఉండేవారు. పేపర్లో మామ ఫొటో పడితే కత్తిరించి అంటించాలని అత్తమ్మ పెళ్లయిన కొత్తలో ఒక అట్ట పుస్తకం కొనిపెట్టుకుంది. నాకు మీసాలొచ్చే నాటికి కూడా దాని మొదటి పేజీ తెల్లగానే ఉంది.

ఇక ఆట సంగతి. ఆ రోజుల్లో ఒక షాట్ రెండర్ కావాలంటే, అంటే మేం చేసిన పనినంతా కంప్యూటర్ కలిపి తుది బొమ్మగా తయారుచేయాలంటే, నాలుగైదు గంటలు పట్టేది. అంతసేపూ ఆ యంత్రాన్ని ముట్టుకోకూడదు. దాని పక్కన గట్టిగా తుమ్మినా ఆగిపోతుందని మా భయం. కాబట్టి అది దాని పని చేసుకుంటుంటే, రెండో కంప్యూటర్ మీద నేను క్రికెట్ ఆడేవాణ్ణి. ఎంత ఆడేవాణ్ణంటే, బంతిని లేపి కొట్టే మీట మీది అక్షరం మొదటి నెలలో అరిగిపోయింది, మూడో నెలలో మీటే అరిగిపోయింది, ఏడాది తిరిగేసరికి ఆ కంతలోంచి కింద బల్ల కనిపించేది. ఇందులో ఒక రహస్యం ఉంది, అప్పట్లో ఎవరికీ చెప్పలేదు. ఆ ఆటను సులువు, మధ్యరకం, కష్టం అని మూడు రకాలుగా పెట్టుకోవచ్చు. నేను ఎప్పుడూ సులువు మీదే పెట్టేవాణ్ణి. అలా పెట్టుకుని, బ్యాట్స్‌మన్‌ను ఒక అడుగు ముందుకు నడిపించి కవర్స్ మీదుగా లేపితే, ఎవరు వేసిన ఎలాంటి బంతి అయినా సిక్సే. వెనక నిలబడి చూసేవాళ్లకు మాత్రం నేను మహా ఆటగాణ్ణి.

అలా చూసిన వాళ్లలో మా నిర్మాత గారొకరు. ఆయనది ఏలూరు దగ్గర. రైసు మిల్లు నడుపుకుంటూ సినిమాల మీద ప్రేమతో ఇటు వచ్చిన మనిషి. ఇంగ్లీషు రాదు, క్రికెట్ అంతంత మాత్రం, మనసు వెన్న. కానీ ఆయన సెంటిమెంట్లు మామూలుగా ఉండేవి కావు. సినిమా వాళ్లలో ఒకరు టైటిల్లో అక్షరాలు లెక్కపెట్టుకుంటారు, ఇంకొకరు ఫలానా కొండ మీద దేవుడికి చూపించనిదే రీలు కదిలించరు. ఈయనకు మాత్రం మంచి జరిగిన రోజు ఎదురుగా ఏది కనిపిస్తే అదే సెంటిమెంట్. ఒకసారి తన సినిమా టీవీ ప్రకటన చూడ్డానికి మా సెల్లార్‌కు వచ్చి, రెండర్ ఇంకా కాలేదంటే నా వెనక నిలబడి ఆట చూశారు. ఇండియా గెలిచింది. మర్నాడు సినిమా విడుదలై బ్రహ్మాండంగా ఆడింది. సోమవారం పొద్దున నా బల్ల మీద పూతరేకుల పెట్టె ఉంది. ఇక అయిపోయింది, ఆ తర్వాత ఆయన తీసిన ప్రతి సినిమాకూ, బాక్సులు ల్యాబు నుంచి కదిలే రోజు నేను మ్యాచ్ ఆడాలి, ఇండియా గెలవాలి.

మన వయసు వాళ్లకు బాక్సుల గురించి చెప్పనక్కర్లేదు. సినిమా అంటే రీళ్లు, రీళ్లంటే రేకు డబ్బాలు. విడుదలకు ముందు రోజు ఆ డబ్బాల పెట్టెలు ల్యాబు నుంచి బస్సుల్లో, రైళ్లలో ఊరూరికీ బయల్దేరితేనే మర్నాడు ఉదయం ఆట పడేది. నిర్మాత గారు పెట్టిన నియమం ఏమిటంటే, మ్యాచ్ అయిదు ఓవర్లు, ఎదుటి జట్టు ఆస్ట్రేలియా, మధ్యలో ఆపితే ఓడినట్టే. నేను ఆడుతున్నంతసేపూ ఆయన నా వెనక తూర్పు ముఖంగా కూర్చుని, కళ్లు మూసుకుని, మడిచిన చేతిరుమాలు గుప్పిట్లో పట్టుకుని ఉండేవారు. గెలిస్తే బాక్సులు కదులుతాయి. ఓడితే కదలవు, విడుదల వాయిదా. మొత్తం నాలుగు సినిమాలకు ఆడాను, నాలుగూ గెలిచాను. అందులో రెండు సినిమాలు పోయాయి. మ్యాచ్ కూడా ఓడి ఉంటే ఇంకెంత ఘోరంగా పోయేవోనని ఆయనే నన్ను ఓదార్చారు.

అయిదో సినిమాకు దర్శకత్వం మా మామకు ఇచ్చారు.

విజయదశమి శుక్రవారం వచ్చింది, విడుదల ఆ రోజే అన్నారు. అంటే బాక్సులు గురువారం కదలాలి. గురువారం రాహుకాలం ఒకటిన్నర నుంచి మూడు దాకా. ఆ వేళలో నిర్మాత గారు ఇంట్లోంచి పిల్లిని కూడా బయటికి పోనివ్వరు. మూడు దాటాక బయల్దేరితే దూరపు జిల్లాలకు ఉదయం ఆట వేళకు బాక్సులు అందవు. పైగా అదే పండక్కి ఒక పెద్ద హీరో సినిమా కూడా వస్తోంది; మా బాక్సు ఒక్క పూట ఆలస్యమైతే ఆ సినిమానే వేసుకుందామని థియేటర్ల వాళ్లు కాచుకుని ఉన్నారు. ఒకసారి థియేటర్లు చేజారితే మామ సినిమా ల్యాబులోనే ఉండిపోతుంది. మొదటి సినిమా ల్యాబులో ఉండిపోయిన దర్శకుణ్ణి మళ్లీ కో-డైరెక్టర్‌గా కూడా ఎవరూ పిలవరు. అలాంటి వాళ్లను కృష్ణానగర్ టీ కొట్ల దగ్గర మేం రోజూ చూస్తూనే ఉండేవాళ్లం. ఇదంతా నా అయిదు ఓవర్ల మీద ఉందని తెలిసినా నాకు చీమ కుట్టినట్టయినా లేదు. సులువు ఉండగా నాకేం భయం?

నేను మరిచిపోయింది ఒక్కటే, ఆ గురువారం ఆయుధ పూజ. మన దగ్గర ఆయుధ పూజంటే కత్తికీ కటారుకీ మాత్రమే కాదు కదా. కారుకూ, కెమెరాకూ, కుట్టు మిషనుకూ, అన్నం పెట్టే ప్రతి వస్తువుకూ బొట్టు పెట్టాల్సిందే. మామ సినిమా బయల్దేరే రోజని అత్తమ్మ తలంటుకుని, పూజ పళ్లెంతో మా స్టూడియోకు వచ్చింది. కంప్యూటర్లకు బొట్టు పెట్టింది, మౌసుకు పెట్టింది, కుర్చీ ఎక్కి ఫ్యానుకు కూడా పెట్టింది. నేను బయట కార్ల చక్రాల కింద నిమ్మకాయలు పెట్టి, గుమ్మడికాయ కొట్టి తిరిగి వచ్చేసరికి, బల్ల మీద ఆట సీడీ పచ్చగా మెరుస్తోంది. ఇవాళ గెలిపించాల్సింది ఇదేనని ఎవరో చెబితే, అద్దంలా ఉన్న వైపే దాని మొహం అనుకుని, అత్తమ్మ దానికి నిండా పసుపు రాసి, మూడు కుంకుమ బొట్లు పెట్టి, మీద ఒక బంతి పువ్వు ఉంచింది.

ఆ సీడీ డ్రైవులో ఉంటే తప్ప ఆట తెరుచుకోదు. తడిబట్టతో తుడిచాను, కుంకుమ రవ్వలు గీతలు పెట్టాయి. గీతలు పోవడానికి టూత్‌పేస్టు రుద్దాను, సీడీలకు ఆ కాలంలో అందరూ చేసే వైద్యం అదే. డ్రైవులో పెడితే మిక్సీలో శనగపప్పు వేసినట్టు అరిచి, సీడీని బయటికి ఉమ్మేసింది. మూడుసార్లు పెట్టాను, మూడుసార్లూ ఉమ్మేసింది. అత్తమ్మకు విషయం అర్థమై, పళ్లెం కింద పెట్టి, గోడకు ఆనుకుని కూర్చుండిపోయింది.

"మంచిగ కావాలనే పెట్టిన బిడ్డా," అంది. "నా చేతులతోని నేనే ఆయన సినిమా ఆపిన్నా?"

నేను సీడీని మళ్లీ తుడవడం మొదలుపెట్టాను. అప్పుడే పైన నిర్మాత గారి కారు ఆగిన చప్పుడైంది. పన్నెండు దాటింది. సార్‌కు ఉన్నదున్నట్టు చెప్పేద్దాం అన్నాడు అత్తమ్మ వెంట వచ్చిన మామ. ఉన్నదున్నట్టు చెప్పడం నా జాతకంలోనే లేదు కాబట్టి నేను ఎదురెళ్లి, చేతులు కట్టుకుని, పూజ చేసిన ఆయుధాన్ని ఇవాళ ముట్టుకోకూడదు కదండీ, అందుకని ఇంకా పూజ కాని యంత్రం మీద ఆడదాం, కృష్ణానగర్‌లో మాకు తెలిసిన నెట్ సెంటర్‌లో సాయంత్రం గానీ పూజ చేయరు, ఆట కూడా ఉంది అని చెప్పాను. నిర్మాత గారి కళ్లు చెమ్మగిల్లాయి. ఈ రోజుల్లో కూడా ఇంత ఆచారం తెలిసిన కుర్రాళ్లున్నారా అంటూ, నన్ను పెంచినందుకు మా మామను మెచ్చుకున్నారు. మామ అప్పుడు నావైపు చూసిన చూపును నేను వర్ణించను.

నిర్మాత గారు, ఆయన మేనేజరు, మామ, నేను కారెక్కి కొండ దిగాం. పండగ రద్దీలో జూబ్లీ హిల్స్ చెక్‌పోస్టు దాటేసరికే పావుగంట పట్టింది. మేనేజరు ముందు సీట్లో కూర్చుని, ల్యాబు దగ్గర బాక్సులు ఎక్కించుకున్న వ్యాన్లు ఇంజన్లు ఆపకుండా నిలబడి ఉన్నాయని అయిదు నిమిషాలకోసారి ఫోనులో విని మాకు చెబుతున్నాడు. మామ కిటికీలోంచి తన సినిమా పోస్టర్లను లెక్కపెడుతున్నాడు. పద్నాలుగు లెక్కపెట్టి, ఆ తర్వాత ఆపేశాడు.

నెట్ సెంటర్ మేడ మీద, ప్లైవుడ్ అడ్డాలు కొట్టిన చిన్న చిన్న గదులు. దాని యజమానిని అందరూ భాయ్ అనేవాళ్లం; విషయం వినగానే, మెయిలు చూసుకుంటున్న ఒక విద్యార్థిని లేపి తూర్పు ముఖంగా ఉన్న గది ఇప్పించాడు. ఆ రోజు షూటింగులు లేవు, కింద టీ కొట్టు దగ్గర ఉన్న జూనియర్ ఆర్టిస్టులు ఏడెనిమిది మంది వార్త తెలిసి పైకి వచ్చి, గది బయట మెడలు చాచి నిలబడ్డారు. మేనేజరు కారు దగ్గరే ఉండిపోయాడు. నిర్మాత గారు ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని కళ్లు మూసుకున్నారు. టైము పన్నెండూ ముప్పావు. తొందరలో నేను, ఆట ఎలా పెట్టి ఉందో చూసుకోకుండా మొదలుపెట్టేశాను.

నేను వేసిన మొదటి బంతి సిక్సు పోయింది. రెండోదీ పోయింది. కృష్ణానగర్ కుర్రాళ్లు పంతం కొద్దీ దాన్ని కష్టం మీద పెట్టుకుని ఆడుకుంటారని నాకప్పుడు తెలిసింది. ఆపితే ఓడినట్టే, ఆపకపోతే ఓడేట్టే ఉన్నాను. అయిదు ఓవర్లలో ఆస్ట్రేలియా యాభై ఎనిమిది చేసింది. మన బ్యాటింగ్ మొదలయ్యే ముందు వ్యాఖ్యాత గొంతు కాస్త పెద్దది చేసి, ఆ చాటున మామ చెవిలో చెప్పాను, ఇది కష్టం మీద ఉందని. ఏందిరా కష్టం అన్నాడు. నాలుగు సినిమాలకూ నేను ఏ పద్ధతిలో గెలిచానో అప్పుడు మొదటిసారి ఒక మనిషికి చెప్పాను. తిడతాడనుకున్నాను.

"అంటే గిన్ని దినాల సంది నువ్వు ఆడనే లేదన్నట్టు," అన్నాడు మెల్లగా. తర్వాత నా భుజం మీద చెయ్యి వేశాడు. "ఇయ్యాల ఆడు అల్లుడూ. నిజంగ ఆడు."

ఆడాను. కవర్స్ మీదుగా లేపే షాట్ కష్టంలో పనిచేయదు, లేపితే క్యాచే. అప్పటిదాకా నేను ఎన్నడూ ముట్టని మీటలు ముట్టాను. ఒకటీ రెండూ తీయడం, వదిలేయాల్సిన బంతిని వదిలేయడం, గ్యాపు చూసి కింద నుంచి తోయడం, ఇవన్నీ ఆ ఆటలో ఉన్నాయని నాకు ఆ రోజే తెలిసింది. నాలుగు ఓవర్లయ్యేసరికి ఆరు వికెట్లు పోయి నలభై మూడు. ఆఖరి ఓవర్లో పదహారు కావాలి. మొదటి బంతికి నాలుగు కొట్టాను, గది బయట ఆర్టిస్టులు ఈలవేస్తే భాయ్ చుప్ అన్నాడు. రెండోది వృథా అయింది. మూడో బంతికి రెండు. నాలుగో బంతికి మళ్లీ నాలుగు. అయిదోది బ్యాటుకు తగల్లేదు. ఒక బంతి, ఆరు పరుగులు. ఒంటిగంటా అయిదు. నా భుజం మీద మామ చెయ్యి రాయిలా బరువైపోయింది.

ఆఖరి బంతి, లెగ్ స్టంప్ మీద పొట్టిగా పడింది. బ్యాట్స్‌మన్‌ను వెనక్కి జరిపి, నాకున్న పది వేళ్లతో మీట నొక్కాను. బంతి లేచింది. లేచి, వాల్‌పోస్టర్ జనం మీదుగా, స్టేడియం దీపాల మీదుగా వెళ్లిపోయింది. ఆ జనంలో ఒకడు తలెత్తి చూశాడని నేను ఇప్పటికీ అంటాను. నిర్మాత గారు కళ్లు తెరిచి లేచి నిలబడ్డారు. కిటికీలోంచి కిందికి చూసి మేనేజరుకు చెప్పారు, గెలిచాం, బాక్సులు కదిలించమని. ఒంటిగంటా పదికి వ్యాన్లు ల్యాబు దాటాయి, రాహుకాలం వాటి వెనక ఇరవై నిమిషాల దూరంలో చేతులు నలుపుకుంటూ నిలబడింది. మామ నెట్ సెంటర్ మెట్ల మీద కూర్చుని, చెప్పులు విడిచి, కాళ్లు చాపి, చిన్నపిల్లాడిలా పెద్దగా ఆవలించాడు. నాలుగు రోజులుగా నిద్రపోలేదని అప్పుడు చెప్పాడు.

శుక్రవారం ఉదయం ఆట చూడ్డానికి అందరం క్రాస్ రోడ్స్‌లో థియేటర్‌కు వెళ్లాం. అత్తమ్మ తెర వైపు చూడలేదు, పక్క వరసల వాళ్ల మొహాలే చూస్తూ కూర్చుంది. ఇంటర్వెల్‌లో వాళ్లు నవ్వుతూ లేవడం చూశాక గానీ తెచ్చుకున్న మంచినీళ్ల సీసా మూత తీయలేదు. సినిమా రెండు సెంటర్లలో యాభై రోజులు ఆడింది, మిగతా చోట్ల గౌరవంగా ఆడింది. ఆదివారం పేపర్లో మామ ఫొటో పడింది, తపాలా బిళ్ల కన్నా కాస్త పెద్దది. అత్తమ్మ దాన్ని మొదటి పేజీ మధ్యలో అంటించి, చుట్టూ పసుపు రాయబోతే నేనే చెయ్యి పట్టుకుని ఆపాను. మామ ఆ తర్వాత మూడు సినిమాలు చేసి, చాలనుకుని ఊరుకున్నాడు. ఇప్పుడు పొద్దున్నే పార్కులో నడుస్తాడు, ఎవరైనా డైరెక్టర్ గారూ అంటే వెనక్కి తిరుగుతాడు.

ఇప్పుడు బాక్సులు లేవు. సినిమా ఆకాశం నుంచి నేరుగా థియేటర్లోకి దిగుతుంది. దాన్ని ల్యాబు గుమ్మం దగ్గర ఆపి కొబ్బరికాయ కొట్టడానికి కూడా వీల్లేదు. మనం పళ్లు తోముకునే లోపే ఎక్కడో సముద్రం అవతల చూసినవాళ్లు బాగుందో లేదో ఫోనులో రాసేస్తారు. మా ఆఫీసు పిల్లలు ఆ పాత ఆటలో ఓడిపోతే చిటికెలో మళ్లీ మొదలుపెట్టుకుంటున్నారు, ఎవరి అరచేతులూ చెమర్చడం లేదు. చూస్తే నాకు హాయిగానే ఉంది. కాకపోతే, ఒక ఆట కోసం నలుగురు ఊపిరి బిగబట్టి ఒక గదిలో నిలబడటం ఎలా ఉంటుందో వాళ్లకు చెప్పినా తెలియదు కదా అనిపిస్తుంది.

ఒట్టు వేసి మొదలుపెట్టాను కాబట్టి ఒకటి ఒప్పుకోవాలి. పసుపు నిజం. టూత్‌పేస్టు నిజం. తాళ్లు విజయవాడ దాకా రాకపోవచ్చు, సూర్యాపేట దాకా వస్తాయి. నేను కల్పించింది ఆఖరి బంతి.

ఆ బంతికి నేను బౌల్డ్ అయ్యాను. మీట నొక్కడం ఆలస్యమైంది, మధ్య స్టంపు ఎగిరి పడింది. ఇంగ్లీషు వ్యాఖ్యాత ఎప్పటి ఉత్సాహంతోనే ఏదో అన్నాడు. బయట ఆర్టిస్టులు మెట్లు దిగిపోయారు. నిర్మాత గారు కళ్లు తెరిచారు. తెర మీద గంతులేస్తున్న వాళ్లు ఆస్ట్రేలియా పసుపు బట్టల్లో ఉన్నారు, అది అర్థం కావడానికి ఇంగ్లీషు అక్కర్లేదు. నేను ఏదో ఒక కథ అల్లడానికి నోరు తెరిచాను, జీవితంలో మొదటిసారి ఏమీ తట్టలేదు. మామే ముందుకు వచ్చాడు.

"ఓడిపోయినం సార్," అన్నాడు. "ఇగ మీ ఇష్టం."

నిర్మాత గారు మామ మొహం వైపు చూశారు. గుప్పిట్లో చేతిరుమాలు విప్పి, మొహం తుడుచుకుని, జేబులో పెట్టుకున్నారు.

"నేను కళ్లు మూసుకుని ఉన్నానయ్యా," అన్నారు. "నాకైతే గెలిచినట్టే వినిపించింది."

కిటికీ దగ్గరికి వెళ్లి మేనేజరును పిలిచి, గెలిచాం అని చెప్పింది ఆయనే. ఇరవై ఏళ్లుగా నేను చెబుతున్న సిక్సు అబద్ధం నా సొంతం కాదు, ఆయన ఆ కిటికీలోంచి వేసిన దాన్ని నేను పట్టుకుని తిరుగుతున్నాను, అంతే. ఆయన పోయి నాలుగేళ్లయింది. రాస్తానంటే మామ రాసుకో అన్నాడు. రాసేశాక ఒళ్లు తేలికైంది.

ఆ పండగ తర్వాత నిర్మాత గారు ఇంకో మూడు సినిమాలు తీశారు. బాక్సులు కదిలే రోజు నేను పొద్దున్నే స్నానం చేసి, కొత్త సీడీ పెట్టి, ఆటను కష్టం మీదే పెట్టుకుని, సెల్లార్‌లో ఫోను పక్కన కూర్చునేవాణ్ణి. మ్యాచ్ ఆడమని ఒక్కసారీ ఫోను రాలేదు. మధ్యాహ్నం బాక్సులు వెళ్లిపోయాయని ఎవరో చెబితే, లేచి అన్నానికి వెళ్లేవాణ్ణి.